దమ్ ఆడటం లేదా, దమ్ ఎక్కువైందా? హైపర్‌వెంటిలేషన్ గురించి ప్రతి ఇంట్లో తెలియాల్సిన విషయాలు

నంద్యాల: ఉన్నట్టుండి ఊపిరి ఆడటం లేదనిపిస్తుంది. గుండె దడదడ కొట్టుకుంటుంది. చేతివేళ్లు, మూతి చుట్టూ తిమ్మిరెక్కుతాయి. కళ్లు తిరుగుతాయి. ‘నేను ఇక బతకను’ అన్న భయం పట్టుకుంటుంది. ఇంట్లోవాళ్లు కంగారుగా ఆటో పిలిచి ఆసుపత్రికి తీసుకెళ్తారు. ఈసీజీ తీస్తే నార్మల్ అంటారు. వేలికి మిషన్ పెట్టి చూస్తే ఆక్సిజన్ 99 ఉందంటారు. అరగంటలో మనిషి లేచి కూర్చుంటుంది. అప్పటిదాకా ఏడ్చినవాళ్లే తిరిగొచ్చే దారిలో ‘ఏమీ లేదంట, ఊరికే టెన్షనంట’ అని విసుక్కుంటారు. కొన్నాళ్లకు మళ్లీ అదే కథ.

నంద్యాలలోనైనా, ఆళ్లగడ్డలోనైనా ఈ పరిస్థితి చూసిన ఇళ్లు తక్కువేం కాదు. పేర్లే వేరు. కొందరు గ్యాస్ పట్టిందంటారు. కొందరు గాలి సోకిందంటారు. మన ఇళ్లలో పెద్దవాళ్లు ‘హౌల్ దిల్’ అనో, ‘ఘబ్రాహట్’ అనో, ‘అసర్ హువా’ అనో అంటారు. డాక్టర్లు దీన్ని హైపర్‌వెంటిలేషన్ అంటారు. అంటే శరీరానికి కావలసిన దానికంటే ఎక్కువ గాలి పీల్చి వదలడం. మనిషికేమో దమ్ చాలడం లేదనిపిస్తుంది. నిజానికి అక్కడ దమ్ ఎక్కువైంది.

‘ఏమీ లేదు’ అన్న మాట తప్పు. ‘గుండెపోటే’ అన్న భయం కూడా చాలాసార్లు తప్పే. అలాగని ప్రతి ఆయాసాన్నీ టెన్షన్ కింద కొట్టేస్తే ప్రాణం మీదకొస్తుంది. ఈ మూడు మాటలు అర్థమైతే సగం సమస్య తీరినట్టే.

ఒంట్లో ఏం జరుగుతుంది?

ఆక్సిజన్ లోపలికి, కార్బన్ డయాక్సైడ్ బయటికి అని స్కూల్లో చదువుకున్నాం. అందుకే కార్బన్ డయాక్సైడ్ అంటే ఒట్టి చెత్త అనుకుంటాం. కానీ రక్తంలో అది కొంత ఉండి తీరాలి. బ్యాంకు ఖాతాలో మినిమమ్ బ్యాలెన్స్ లాంటిదన్నమాట. ఆరోగ్యంగా ఉన్న మనిషి ధమనుల రక్తంలో దాని పీడనం 35 నుంచి 45 మిల్లీమీటర్ల మధ్య ఉంటుంది. రక్తంలో ఆమ్లం, క్షారం సమంగా ఉండటానికి ఈ బ్యాలెన్స్ ముఖ్యం.

పెద్దవాళ్లు కూర్చుని ఉన్నప్పుడు నిమిషానికి సుమారు 12 నుంచి 20 సార్లు ఊపిరి తీసుకుంటారు. భయంలో ఇది 30 దాటిపోవచ్చు. కొందరిలో వేగం పెరగదు గానీ ప్రతి ఊపిరీ మరీ లోతుగా ఉంటుంది. ఎలాగైనా ఒంట్లో తయారయ్యే కార్బన్ డయాక్సైడ్ కంటే బయటికి పోయేది ఎక్కువైపోతుంది. ఖాతా మినిమమ్ కంటే కిందికి పడిపోతుంది. రక్తం క్షారం వైపు జరుగుతుంది. అక్కడి నుంచి వరసగా మూడు పనులు జరుగుతాయి.

ఒకటి, మెదడుకు రక్తం తీసుకెళ్లే నాళాలు కుంచించుకుంటాయి. అందుకే కళ్లు తిరగడం, చూపు మసకబారడం, చుట్టూ ఉన్నదంతా కలలా అనిపించడం.

రెండు, రక్తంలో విడిగా ఉండాల్సిన కాల్షియం ప్రొటీన్లకు అతుక్కుపోతుంది. విడిగా ఉండే కాల్షియం తగ్గితే నరాలు చిన్నదానికే ఉలిక్కిపడతాయి. తిమ్మిర్లు, కండరాలు పట్టేయడం, వేళ్లు బిగుసుకుపోవడం దీనివల్లే. బొటనవేలు అరచేతిలోకి వంగి, మిగతా వేళ్లు నిటారుగా ఒకదానికొకటి అతుక్కుంటాయి. చూసినవాళ్లు ఫిట్స్ అనుకుని హడలిపోయేది ఇక్కడే.

మూడు, హిమోగ్లోబిన్ తన దగ్గరున్న ఆక్సిజన్‌ను కణాలకు అంత సులువుగా వదలదు.

రక్తంలో ఆక్సిజన్ ముందే నిండుగా ఉంది కాబట్టి ఇంకా ఎగపీల్చినంత మాత్రాన కొత్తగా చేరేది దాదాపు ఏమీ ఉండదు. పోయేది మాత్రం కార్బన్ డయాక్సైడ్. లాభం లేదు, నష్టమే. ఇది తెలియక మనిషి ఇంకా గట్టిగా పీలుస్తుంది. లక్షణాలు పెరుగుతాయి, భయం పెరుగుతుంది, ఊపిరి ఇంకా వేగమవుతుంది. ఈ చక్రం ఆగితేనే అటాక్ ఆగుతుంది.

లక్షణాలు

• ఎంత పీల్చినా ఊపిరి నిండలేదనిపించడం, మాటిమాటికీ నిట్టూర్పులు
• గుండె దడ, ఛాతీలో బిగుతు లేదా పోటు
• మూతి చుట్టూ, చేతివేళ్లలో, కాళ్లలో తిమ్మిర్లు, సూదులు గుచ్చినట్టుండటం
• వేళ్లు బిగుసుకోవడం, వణుకు, చెమటలు
• కళ్లు తిరగడం, కొందరిలో కొన్ని క్షణాలు స్పృహ తప్పడం
• నోరు ఎండిపోవడం, గాలి మింగడం వల్ల త్రేన్పులు, కడుపుబ్బరం
• చచ్చిపోతానేమో, పిచ్చెక్కుతుందేమో అన్న భయం

కడుపుబ్బరం, త్రేన్పులు ఉండటం వల్లే చాలామంది దీన్ని గ్యాస్ ఖాతాలో వేసి ఏళ్ల తరబడి గ్యాస్ మాత్రలు మింగుతుంటారు. ఛాతీ పోటుకు ఒక కారణం, పక్కటెముకల మధ్య కండరాలు పని ఎక్కువై అలిసిపోవడం.

ఎందుకు వస్తుంది?

పెద్ద కారణం భయం, ఆందోళన. ఇంటర్, పది పరీక్షలు, ఫలితాల రోజులు, పెళ్లి, అప్పు, ఇంట్లో గొడవ, దగ్గరివాళ్ల మౌత్. ఇవన్నీ ఊపిరి మీద పడతాయి. ప్యానిక్ డిజార్డర్ ఉన్నవాళ్లకు ఏ కారణమూ కనపడకుండానే, పడుకున్నప్పుడు కూడా రావచ్చు. ‘టెన్షన్ పడటానికి ఏముంది ఇప్పుడు?’ అని అడగడం అందుకే అర్థం లేని ప్రశ్న.

మన ప్రాంతంలో ఇంకో జ్ఞాపకం కూడా ఉంది. 2021 మే 10న తిరుపతి రుయా ఆసుపత్రిలో ఆక్సిజన్ సరఫరాలో అంతరాయం వచ్చి 11 మంది కరోనా రోగులు చనిపోయారని అధికారులు ప్రకటించారు. ఆ రోజుల్లో ఊపిరి కోసం అయినవాళ్లు కొట్టుకోవడం చూసిన ఇళ్లల్లో, చిన్న ఆయాసం వచ్చినా గుండె గుభేలుమనడంలో వింత లేదు.

కానీ కారణం ఎప్పుడూ మనసే కాదు. జ్వరం, గట్టి నొప్పి, రక్తహీనత, థైరాయిడ్ ఎక్కువవడం, ఆస్తమా, న్యుమోనియా, కొన్ని మందులు కూడా ఊపిరి వేగం పెంచుతాయి. గర్భిణుల్లో హార్మోన్ల వల్ల ఊపిరి మామూలుగానే కాస్త పెరుగుతుంది. టీ, కాఫీ ఎక్కువై, నిద్ర తక్కువైతే దడ ఇంకా తొందరగా మొదలవుతుంది.

టెన్షనే అనుకుని మోసపోవద్దు

ఇది ఈ వ్యాసంలో అన్నిటికంటే ముఖ్యమైన భాగం. మొదటిసారి ఇలా వచ్చినప్పుడు అది హైపర్‌వెంటిలేషనే అని ఇంట్లో ఎవరూ తీర్పు చెప్పకూడదు. డాక్టర్ చూసి చెప్పాలి. ఒంట్లో వేరే ప్రమాదం ఉన్నప్పుడు కూడా ఊపిరి ఇలాగే వేగమవుతుంది.

షుగర్ ఉన్నవాళ్లలో, ముఖ్యంగా ఇన్సులిన్ మానేసినప్పుడు, రక్తంలో ఆమ్లం పేరుకుని లోతైన, వేగమైన ఊపిరి మొదలవుతుంది. దప్పిక, మాటిమాటికీ మూత్రం, వాంతులు, కడుపునొప్పి, నోట్లోంచి పండిన పండు లాంటి వాసన ఉంటే గంటలు లెక్కపెట్టుకోవాల్సిన పరిస్థితి. షుగర్ ఉందని ముందు తెలియని పిల్లల్లో కూడా జబ్బు ఇలాగే బయటపడొచ్చు.

గుండెపోటు విషయంలో ఆడవాళ్లకు అన్యాయం ఎక్కువ జరుగుతుంది. వాళ్లలో కొందరికి గట్టి ఛాతీనొప్పి లేకుండా ఆయాసం, వికారం, దవడలోనో వీపులోనో నొప్పి, విపరీతమైన నీరసంతో గుండెపోటు వస్తుంది. ‘అమ్మీకి ఎప్పుడూ ఘబ్రాహటే’ అని వదిలేస్తే ఆ ఒక్కసారి తప్పిపోతుంది.

నంద్యాల రాష్ట్రంలో ఎండలు బాగా మండే చోట్లలో ఒకటి. ఏప్రిల్, మే నెలల్లో ఎండలో పని చేసి వచ్చిన మనిషికి ఒళ్లు కాలిపోతూ, మాట తడబడుతూ, ఊపిరి వేగంగా ఉంటే అది వడదెబ్బ. పొలంలో పురుగుమందు కొట్టి వచ్చాక ఆయాసంతో పాటు చొంగ కారడం, వాంతులు, చెమటలు ఉంటే విషం ఎక్కిందని అనుమానించాలి.

ఆళ్లగడ్డ పేరు చెబితే రాతి శిల్పాలు గుర్తొస్తాయి. రాయి చెక్కేవాళ్లు, గ్రానైట్ కోసేవాళ్లు పీల్చే సన్నటి సిలికా దుమ్ము ఏళ్ల తరబడి ఊపిరితిత్తుల్లో పేరుకుంటే సిలికోసిస్ వస్తుంది. దాని ఆయాసం తీరు వేరు. అప్పటికప్పుడు వచ్చి అరగంటలో పోదు. ముందు మెట్లెక్కితే, తర్వాత నడిస్తే, చివరికి కూర్చున్నా ఉంటుంది. దగ్గు తోడుంటుంది. ఇలాంటివాళ్లకు ఛాతీ ఎక్స్‌రే తీయించాలి. టెన్షన్ మాత్రలతో సరిపెట్టకూడదు.

కింద చెప్పినవాటిలో ఏ ఒక్కటి ఉన్నా ఆలోచించకుండా 108కి ఫోన్ చేయండి:

• ఛాతీలో బరువు, ఆ నొప్పి చేతికో దవడకో పాకడం
• పెదాలు, గోళ్లు నీలంగా మారడం, లేదా ఆక్సిజన్ రీడింగ్ 94 కంటే తగ్గడం
• మాట తడబడటం, మూతి వంకర పోవడం, ఒక పక్క చేయి పడిపోవడం
• పిల్లికూతలు, రక్తం పడే దగ్గు, ఎక్కువ జ్వరం
• ఒక కాలు మాత్రమే వాచి ఆయాసం రావడం
• గర్భిణికి గానీ, బాలింతకు గానీ అకస్మాత్తుగా ఆయాసం
• 40 దాటినవాళ్లకు, బీపీ, షుగర్, గుండె జబ్బు ఉన్నవాళ్లకు మొదటిసారి ఇలా రావడం
• స్పృహ తప్పి వెంటనే తేరుకోకపోవడం

ఒక హెచ్చరిక. కరోనా టైంలో కొన్న ఆక్సిజన్ మిషన్ 99 చూపించిందని నిశ్చింతగా ఉండొద్దు. గుండెపోటులో, షుగర్ ఎక్కువై ఆమ్లం పేరుకున్నప్పుడు కూడా అది 99 చూపించవచ్చు.

పక్కనున్నవాళ్లు ఏం చేయాలి?

పైన చెప్పిన ప్రమాద సూచనలు లేవు, డాక్టర్ ఇంతకుముందే చూసి ఇది హైపర్‌వెంటిలేషన్ అని చెప్పి ఉన్నారు. అప్పుడు ఇలా చేయండి.

1. గుంపును పంపించేయండి. మనిషి చుట్టూ పదిమంది నిలబడి ఏడుస్తుంటే ఎవరికైనా ఊపిరి ఎగదన్నుతుంది. ధైర్యంగా ఉన్న ఒక్కరు దగ్గరుంటే చాలు.

2. వెనక్కి ఆనుకుని కూర్చోబెట్టండి. మెడ దగ్గర, నడుము దగ్గర బట్టలు వదులు చేయండి. అమ్మాయిలకు బిగుతుగా కట్టిన స్కార్ఫ్ ఉంటే పక్కకు తీసుకెళ్లి వదులు చేయండి.

3. మెల్లగా మాట్లాడండి. ‘ఏం కాదు, నేనున్నా, ఇది కాసేపట్లో తగ్గిపోతుంది’ అని చెప్పండి. ‘ఊపిరి గట్టిగా తీసుకో’ అని మాత్రం అనకండి. ఆ సమయంలో అది మంట మీద కిరోసిన్ పోయడమే.

4. ముక్కుతో మెల్లగా 4 లెక్కపెట్టేదాకా పీల్చమనండి. పెదాలను ఈల వేసినట్టు పెట్టి 6 లెక్కపెట్టేదాకా వదలమనండి. పీల్చడం కంటే వదలడం పొడవుగా ఉండాలి. మీరూ పక్కన కూర్చుని అదే చేయండి, చూసి చేయడం వాళ్లకు సులువు.

5. ఒక చేయి ఛాతీ మీద, ఒక చేయి పొట్ట మీద పెట్టమనండి. పొట్ట మీది చేయి కదలాలి, ఛాతీ మీదిది దాదాపు కదలకూడదు.

తస్బీహ్ అలవాటు ఉన్నవాళ్లకు ఒక సులువైన లెక్క ఉంది. 4 పీల్చడం, 6 వదలడం కలిపితే ఒక ఊపిరికి 10 సెకన్లు. ఊపిరి వదిలేటప్పుడు ఒక్కో గింజ జరిపితే 33 గింజలకు 330 సెకన్లు, అంటే ఐదున్నర నిమిషాలు. వాచీ చూడాల్సిన పని లేదు. తిరిగేసరికి చాలామందికి తిమ్మిర్లు తగ్గుముఖం పడతాయి. తగ్గకుండా అరగంట దాటితే ఆసుపత్రికి తీసుకెళ్లండి.

చేయకూడనివి

మూతికి కవర్ పెట్టొద్దు. సినిమాల్లో చూపించే కాగితం సంచి చిట్కా ఒకప్పుడు డాక్టర్లు కూడా చెప్పేవారు. వదిలిన కార్బన్ డయాక్సైడ్‌నే మళ్లీ పీలిస్తే బ్యాలెన్స్ పెరుగుతుందన్నది ఆలోచన. కానీ సంచిలో ఆక్సిజన్ కూడా తగ్గిపోతుంది. అసలు జబ్బు గుండెదో, ఊపిరితిత్తులదో అయితే అది ప్రాణం తీస్తుంది. అలా పొరబడి సంచి పెట్టడం వల్ల జరిగిన మరణాలను 1989లో ఒక అమెరికన్ వైద్య పత్రిక ప్రచురించింది. ఇప్పుడు ప్రథమ చికిత్సలో కాగితం సంచి వద్దనే చెబుతున్నారు. ప్లాస్టిక్ కవర్ సంగతి చెప్పక్కర్లేదు.

చేతిలో తాళంచెవులు పెట్టడం, ఉల్లిపాయ వాసన చూపించడం, చెంపల మీద కొట్టడం వల్ల ఉపయోగం లేదు. వేళ్లను బలవంతంగా విడదీయొద్దు, ఊపిరి నెమ్మదిస్తే అవే వదులవుతాయి. పక్కింటివాళ్ల ఆస్తమా స్ప్రే కొట్టొద్దు. ఆ మందు దడను, వణుకును ఇంకా పెంచుతుంది.

‘సెలైన్ పెట్టించుకున్నాకే తగ్గింది’ అని చాలామంది చెబుతారు. ఈ అటాక్ సాధారణంగా కొద్ది నిమిషాల్లో తారస్థాయికి వెళ్లి, అరగంటలోపు దానంతటదే దిగుతుంది. ఆ అరగంటలో సెలైన్ ఎక్కితే సెలైన్‌కు, తావీజ్ కడితే తావీజ్‌కు పేరొస్తుంది. నిజంగా పని చేసింది పడుకోబెట్టడం, పక్కన ఎవరో ఉన్నారన్న ధైర్యం.

ఆసుపత్రిలో ఏం చూస్తారు?

బీపీ, నాడి, ఆక్సిజన్, ఈసీజీ, షుగర్ ముందు చూస్తారు. అవసరాన్ని బట్టి హిమోగ్లోబిన్, థైరాయిడ్, ఛాతీ ఎక్స్‌రే చేయిస్తారు. అనుమానం మిగిలితే ధమనిలోంచి రక్తం తీసి అందులో కార్బన్ డయాక్సైడ్ ఎంతుందో, రక్తం ఎటువైపు జరిగిందో చూస్తారు. నెదర్లాండ్స్‌లోని నైమేగన్ పేరుతో 16 ప్రశ్నల పట్టిక ఒకటి ఉంది. ఒక్కో ప్రశ్నకు 0 నుంచి 4 మార్కులు, మొత్తం 64. మార్కులు 23 దాటితే ఊపిరి తీరులో తేడా ఉండొచ్చని అనుకుంటారు. ఇది మిగతా పరీక్షలకు బదులు కాదు, తోడు మాత్రమే.

రిపోర్టులన్నీ ఒక ఫైల్లో పెట్టుకోండి. ప్రతిసారీ కొత్త చోటికి పరుగెత్తి అవే స్కానింగులు మళ్లీ చేయించుకోవడం దగ్గరే చాలా కుటుంబాల డబ్బు కరిగిపోతుంది. రిపోర్టులు బాగుండి, డాక్టర్ కారణం తేల్చాక ఖర్చు పెట్టాల్సింది స్కానింగ్ మీద కాదు, వైద్యం మీద.

మళ్లీ మళ్లీ వస్తుంటే

దీనికి మంచి వైద్యం ఉంది. మొదటిది ఊపిరి శిక్షణ. అటాక్ వచ్చినప్పుడే కాకుండా రోజూ రెండు పూటలా పది నిమిషాలు పొట్టతో ఊపిరి తీయడం అలవాటు చేసుకోవాలి. ఈత రానివాడు వరదలో నేర్చుకోలేడు కదా, ఇదీ అంతే.

రెండోది కౌన్సెలింగ్. అందులో కాగ్నిటివ్ బిహేవియర్ థెరపీకి మంచి ఫలితాలు ఉన్నాయి. ‘దడ వచ్చింది, అంటే చచ్చిపోతున్నా’ అన్న ఆలోచనను పట్టుకుని సరిచేయడం నేర్పుతారు.

మూడోది మందులు. ప్యానిక్ డిజార్డర్ ఉంటే డాక్టర్లు రాసే మాత్రలు పని చేయడానికి కొన్ని వారాలు పడుతుంది. నాలుగు రోజులకే ‘తగ్గలేదు’ అనో, నెలకే ‘తగ్గిపోయింది’ అనో ఆపేయకూడదు. ఇక అప్పటికప్పుడు నిద్రపుచ్చే ఆల్‌ప్రజోలామ్ లాంటి మాత్రలు అలవాటు పడే రకం. చీటీ లేకుండా అమ్మకూడదు, కొనకూడదు. రక్తహీనత, థైరాయిడ్ ఉంటే ముందు వాటికి వైద్యం జరగాలి.

నాటకం కాదు

‘ఆడపిల్లల నాటకాలు’ అన్న మాట ఈ జబ్బు చుట్టూ ఎక్కువగా వినిపిస్తుంది. చరిత్ర చూస్తే సంగతి వేరు. 1871లో జేకబ్ డకోస్టా అనే అమెరికన్ డాక్టర్ దడ, ఆయాసం, ఛాతీనొప్పితో వచ్చి, గుండెలో ఏ లోపమూ దొరకని రోగుల గురించి రాశాడు. వాళ్లు ఆడపిల్లలు కాదు, అంతర్యుద్ధంలో పోరాడిన సైనికులు. హైపర్‌వెంటిలేషన్ సిండ్రోమ్ అన్న పేరు 1930లలో వచ్చింది. యుద్ధం చేసిన మగవాళ్లకు వచ్చినప్పుడు జబ్బు, ఇంట్లో కోడలికి వస్తే నాటకం ఎట్లా అవుతుంది?

నష్టం మాటతో ఆగదు. మానసిక డాక్టర్ దగ్గరికి వెళ్లారని తెలిస్తే సంబంధాలు రావని కొన్ని కుటుంబాలు దాచిపెడతాయి. ఆ పిల్ల చదువు మానేస్తుంది, బజారుకు రావడం మానేస్తుంది, చివరికి ఒంటరిగా గది దాటదు. దువా చేయించుకోవడంలో తప్పు లేదు, అది మనసుకు బలం. కానీ ఆమిల్ల చుట్టూ తిరుగుతూ నెలలు, వేలు పోగొట్టుకుని డాక్టర్ దగ్గరికి ఆఖర్న వెళ్లడం తప్పు. జబ్బుకు వైద్యం చేయించుకోమనే మన దీన్ కూడా చెబుతుంది.

ఎక్కడికి వెళ్లాలి?

ఆళ్లగడ్డ వైపు వాళ్లు ముందు స్థానిక ప్రభుత్వ ఆసుపత్రిలో గానీ, దగ్గర్లోని పీహెచ్‌సీలో గానీ చూపించుకోవచ్చు. నంద్యాలలో ప్రభుత్వ సర్వజన ఆసుపత్రి ఉంది. 2023లో మెడికల్ కాలేజీ కూడా మొదలైంది. పెద్ద పరీక్షలకు, మానసిక వైద్య విభాగానికి కర్నూలు ప్రభుత్వ సర్వజన వైద్యశాల ఉంది.

ఆసుపత్రికి వెళ్లడానికి మొహమాటం ఉన్నవాళ్లకు కేంద్ర ప్రభుత్వ టెలి మానస్ ఫోన్ సేవ ఉంది. నంబరు 14416. 2022 అక్టోబరులో మొదలైంది. 24 గంటలూ ఉచితం, తెలుగులో మాట్లాడొచ్చు. ఇంకో విషయం, 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ప్రకారం ఇన్సూరెన్స్ కంపెనీలు మిగతా జబ్బుల్లాగే మానసిక జబ్బులకూ బీమా ఇవ్వాలి. మీ పాలసీ కాగితం ఒకసారి తీసి చూసుకోండి.

ఇంట్లో ఎవరికైనా ఇలా వస్తుంటే గుర్తుపెట్టుకోవాల్సింది ఇంతే. మొదటిసారి వస్తే ఆసుపత్రికి. డాక్టర్ తేల్చి చెప్పాక మళ్లీ వస్తే మెల్లగా ఊపిరి వదిలించాలి. మాటిమాటికీ వస్తుంటే పూర్తి వైద్యం చేయించాలి. ఏ సందర్భంలోనూ ‘ఏమీ లేదు’ అనొద్దు.

(ఈ వ్యాసం అవగాహన కోసం మాత్రమే. మీ ఆరోగ్య పరిస్థితిని బట్టి డాక్టర్ సలహానే పాటించండి.)